సోవియట్ రష్యా: మళ్ళీ మళ్ళీ అడిగే ప్రశ్నలు, నాకు తెలిసిన జవాబులు

సోవియట్ మాట ఎత్తగానే మనవాళ్ళు రెండు జట్లుగా చీలిపోతారు. ఒక జట్టుకి నోటుపుస్తకాలకి అట్టలేసుకున్న 'సోవియట్ భూమి' పత్రిక నున్నటి కాగితాలు గుర్తొస్తాయి. రెండో జట్టు నేరుగా గులాగ్, అంటే ఖైదీల చాకిరీ శిబిరాలు, అంటుంది. అడిగే అనుమానాలు మాత్రం ఇరుపక్షాలవీ ఇంచుమించు అవే. ఒక్కొక్కరికీ విడిగా చెప్పీ చెప్పీ విసుగొచ్చి ఇక్కడ పోగేశాను. ఎక్కణ్ణుంచైనా చదువుకోవచ్చు, వరసగా చదవాలనేం లేదు.

## పేర్లు, తేదీలు

అక్టోబర్ విప్లవం అంటారు, పండగేమో నవంబర్ 7న చేశారు. ఏంటీ తిరకాసు?

జార్ల రష్యా పాత జూలియన్ క్యాలెండర్ వాడేది, అది మనం వాడేదానికన్నా 13 రోజులు వెనక. వాళ్ళ 1917 అక్టోబర్ 25 మనకి నవంబర్ 7. కొత్త ప్రభుత్వం 1918లో క్యాలెండర్ మార్చేసింది, దాంతో జనవరి 31 రాత్రి పడుకున్నవాళ్ళు ఫిబ్రవరి 14న నిద్రలేచారు. ఫిబ్రవరి విప్లవం మనకి మార్చిలో కనిపించేదీ ఇందుకే.

రష్యా, సోవియట్ యూనియన్ ఒకటేనా? అసలు సోవియట్ అంటే ఏంటి?

సోవియట్ అంటే రష్యన్‌లో సలహా, సలహా సభ. ఫ్యాక్టరీ కార్మికులు, సైనికులు తమలోంచి ఎన్నుకున్న ప్రతినిధుల సభలకి మొదట్లో ఆ పేరు. సోవియట్ యూనియన్ ఏర్పడింది 1922 డిసెంబర్ 30న. చివరికొచ్చేసరికి 15 రిపబ్లిక్కులు, అందులో రష్యా ఒకటి, అన్నిటికన్నా పెద్దది. మనం అలవాటుగా మొత్తాన్నీ రష్యా అనేస్తాం గానీ స్టాలిన్ జార్జియావాడు, తర్వాతి కాలపు నాయకుడు బ్రెజ్నెవ్ పుట్టింది ఉక్రెయిన్‌లో.

## 1917, లెనిన్ రోజులు

జార్‌ని దించేసింది లెనినే కదా?

కాదు. ఇది చాలామంది పొరపడే చోటు. 1917 మార్చి 8న, మహిళా దినోత్సవం రోజు, అప్పటి రాజధాని పెట్రోగ్రాడ్‌లో (తర్వాతి లెనిన్‌గ్రాడ్) బట్టల మిల్లుల ఆడవాళ్ళు రొట్టె కోసం రోడ్డెక్కారు. నాలుగైదు రోజులకే వాళ్ళమీద కాల్చాల్సిన సైనికులు వాళ్ళతో కలిసిపోయారు. వారం తిరక్కుండా రెండో నికొలాస్ గద్దె దిగాడు. అప్పుడు లెనిన్ ఉన్నది స్విట్జర్లాండ్‌లో, ట్రాట్‌స్కీ న్యూయార్క్‌లో, స్టాలిన్ సైబీరియా ప్రవాసంలో. బోల్షివిక్కులు, అంటే లెనిన్ పార్టీవాళ్ళు, ఎనిమిది నెలల తర్వాత కూలదోసింది జార్‌ని కాదు, కెరెన్‌స్కీ నడుపుతున్న తాత్కాలిక ప్రభుత్వాన్ని.

మరి జనం బోల్షివిక్కులకి ఓటేశారా?

నాలుగో వంతు మంది వేశారు. అధికారం చేజిక్కిన కొద్ది రోజులకే రాజ్యాంగ సభకి ఎన్నికలు జరిగాయి, పల్లెల్లో బలమున్న సోషలిస్టు రివల్యూషనరీలు ముందు నిలిచారు. పెట్రోగ్రాడ్, మాస్కో లాంటి నగరాల్లో మాత్రం బోల్షివిక్కులదే పైచేయి. సభ 1918 జనవరి 18న కూర్చుంది, తెల్లవారుజామున ఒక నావికుడు అధ్యక్షుడి దగ్గరకొచ్చి కాపలావాళ్ళు అలిసిపోయారు, ఇక లేవండి అన్నాడు. మర్నాడు తలుపులు తెరవలేదు. దేశమంతటా జనం ఇద్దరు ముగ్గురు అభ్యర్థుల్లోంచి ఒకరిని ఎంచుకునే ఎన్నిక మళ్ళీ 1989లో గానీ రాలేదు.

భూమి రైతుకే అన్నారు, మరి రైతులే ఎందుకు తిరగబడ్డారు?

భూమి ఇచ్చారు, పంట లాక్కున్నారు. అంతర్యుద్ధంలో సైన్యానికీ నగరాలకీ తిండి పెట్టాలని సాయుధ దళాలు ఊళ్ళకొచ్చి గింజలు ఎత్తుకుపోయేవి, చాలాచోట్ల విత్తనాలతో సహా. టాంబోవ్‌లో రైతులు ఆయుధాలు పట్టారు. 1921 మార్చిలో ఒకప్పుడు విప్లవానికి వెన్నెముక అయిన, పెట్రోగ్రాడ్ పక్కనున్న క్రోన్‌స్టాట్ నౌకాస్థావరం నావికులే తిరగబడ్డారు, వాళ్ళని మంచు మీదుగా వెళ్ళి అణిచేశారు. అప్పుడు లెనిన్ ఓ మెట్టు దిగి నూతన ఆర్థిక విధానం తెచ్చాడు: పన్ను కట్టగా మిగిలింది రైతు అమ్ముకోవచ్చు. అప్పటికే ఆలస్యమైంది, 1921–22 కరువులో సుమారు 50 లక్షల మంది పోయారు. విచిత్రమేంటంటే ఆ కరువులో పీక్ టైమ్‌లో రోజుకి కోటి మందికి అన్నం పెట్టింది అమెరికా సహాయ సంస్థ.

## స్టాలిన్ కాలం

ట్రాట్‌స్కీ అంత పెద్ద పేరున్నవాడు కదా, స్టాలిన్ ఎలా గెలిచాడు?

గుమాస్తా పనితో. 1922లో ఇచ్చిన ప్రధాన కార్యదర్శి పదవిని మిగతావాళ్ళు ఫైళ్ళ ఉద్యోగం అనుకున్నారు. ఏ జిల్లాకి ఎవరు కార్యదర్శి, ఎవరికి బదిలీ అన్నది ఆ టేబుల్ మీదే తేలేది. ట్రాట్‌స్కీ ఉపన్యాసాలిస్తుంటే ఈయన పోస్టింగులిచ్చాడు. స్టాలిన్‌ని ఆ పదవి నుంచి తప్పించమని లెనిన్ చెప్పిన మాటలు కాగితం మీద ఉన్నాయి, 1924లో ఆయన పోయాక నాయకులు విన్నారు, పక్కనపెట్టారు.

కులక్ అంటే జమీందారా?

కాదండీ. జమీందార్లు 1917లోనే పోయారు. కులక్ అంటే పిడికిలి. నిర్వచనం ప్రకారం కూలీల్ని పెట్టుకుని, వడ్డీలకి తిప్పే గట్టి రైతు. ఆచరణలో రెండు ఆవులు, ఇంటిమీద రేకు కప్పు చాలు, లేదా ఊళ్ళో ఎవరికో మీరంటే పడకపోయినా చాలు. ఎందుకంటే ఇన్ని కుటుంబాలు అని పైనుంచి అంకె వచ్చేది. ఆస్తి లేనివాడు ఎదురుమాట్లాడితే 'కులక్ తొత్తు' అని ఇంకో మాట తయారుగా ఉండేది. 1930–31లో దాదాపు 18 లక్షల మందిని ఉరల్స్‌కీ సైబీరియాకీ కజకిస్తాన్‌కీ తోలేశారు, పసిపిల్లలతో సహా.

1932–33 కరువు వానలు పడక వచ్చిందా, కావాలని తెచ్చిందా?

పంట తగ్గిన మాట నిజం. అంతమంది చావడానికి అదొక్కటే కారణం కాదన్నదీ నిజం. రైతుల పొలాలూ పశువులూ కలిపేసే బలవంతపు సమష్టి సేద్యం వచ్చినప్పుడు, ఎలాగూ పోయేదేగా అని రైతులు పశువుల్ని కోసుకు తినేశారు, దున్నడానికి గుర్రాలు మిగల్లేదు. సేకరణ లక్ష్యాలు మాత్రం తగ్గలేదు. 1932 ఆగస్టు 7 చట్టం ప్రకారం సమష్టి పొలంలో గింజలు తీసుకుంటే పదేళ్ళ జైలు లేదా మరణశిక్ష. జనం దాన్ని కంకుల చట్టం అన్నారు. 1933 జనవరిలో ఉక్రెయిన్ రైతులు, దక్షిణ రష్యాలోని కుబాన్ రైతులు ఊరు దాటకుండా ఆర్డరొచ్చింది. ఇదంతా జరుగుతుండగా ధాన్యం ఓడల్లో విదేశాలకి పోతూనే ఉంది, యంత్రాలు కొనాలిగా.

టోర్గ్‌సిన్ అని షాపులుండేవి. పెళ్ళి ఉంగరమో మెళ్ళో సిలువో ఇస్తే తూకం వేసి పిండి ఇచ్చేవాళ్ళు. అంటే తిండి దొరకని ఊళ్ళకి పక్కనే, ప్రభుత్వ కొట్లోనే పిండి ఉంది. నాకు ఈ కరువు మొత్తంలో మింగుడుపడని వివరం ఇదే. ఉక్రెయిన్‌లో 35–40 లక్షల మంది పోయారని ఎక్కువమంది చరిత్రకారుల లెక్క. కజకిస్తాన్‌లో పోయినవాళ్ళు 15 లక్షలకి దగ్గర, జనాభాతో పోలిస్తే అది ఇంకా ఘోరం, దాని గురించి మాట్లాడేవాళ్ళు తక్కువ. కావాలని ఉక్రెయిన్ జాతిని చంపారా అన్నదానిపై పండితుల మధ్య ఇంకా వాదన నడుస్తోంది. జనం చస్తున్నారని తెలిసీ ఆపలేదన్నదానిపై మాత్రం నాకు సందేహం లేదు.

అంత కష్టంగా ఉంటే ఊరొదిలి పోవచ్చుగా?

పాస్‌పోర్టు లేదు. విదేశాలకి కాదు, దేశంలోపల తిరగడానికే! 1932 డిసెంబర్‌లో అంతర్గత పాస్‌పోర్టు పెట్టి పట్నంవాళ్ళకి ఇచ్చారు, పల్లెల్లో ఎక్కువమందికి ఇవ్వలేదు. పట్నంలో ఉండాలంటే పాస్‌పోర్టు మీద 'ప్రొపీస్క' అని నివాస ముద్ర పడాలి. సమష్టి క్షేత్రం రైతుకి జీతం నెలనెలా డబ్బుగా రాదు, పనిదినాలని పుస్తకంలో గీతలు పెట్టుకుని, ఏడాది చివర ఏమన్నా మిగిలితే అందులోంచి గింజలిచ్చేవాళ్ళు. పార్టీ పేరులోని పొడి అక్షరాలకి 'రెండో బానిసత్వం' అని అర్థం చెప్పుకుని లోలోపల నవ్వుకునేవారు. కుర్రాళ్ళకి బయటపడే దారి సైన్యం, సర్వీసు అయ్యాక వెనక్కి రాకుండా ఏ నిర్మాణ పనిలోనో చేరిపోయేవాళ్ళు. పల్లెవాళ్ళందరికీ పాస్‌పోర్టులివ్వాలని నిర్ణయించింది 1974లో. గగారిన్ అంతరిక్షంలోకి వెళ్ళొచ్చిన 13 ఏళ్ళకి.

1937లో అసలేం జరిగింది? చనిపోయినవాళ్ళంతా పార్టీ నాయకులేనా?

నాయకుల విచారణలు పేపర్లో వచ్చాయి కాబట్టి వాళ్ళే గుర్తున్నారు. పోయినవాళ్ళలో ఎక్కువమంది రైతులు, పూజారులు, పాత కులక్కులు, పోలిష్, జర్మన్ పేర్లున్నవాళ్ళు. 1937 జూలై 30న రహస్య పోలీసు శాఖ నుంచి వచ్చిన 00447 నంబరు ఆర్డర్‌లో ప్రాంతాలవారీగా కోటా ఉంది: మొదటి కేటగిరీ అంటే కాల్చివేత, రెండోది ఎనిమిది నుంచి పదేళ్ళు శిబిరం. జిల్లాల అధికారులు కోటా చాలదు, పెంచండని పైకి రాసేవాళ్ళు, పైన సంతకం పడేది. ముగ్గురు సభ్యుల త్రోయికా ముద్దాయిని చూడకుండానే ఒక్క పూటలో వందల కేసులు తేల్చేది. ప్రభుత్వ రికార్డుల ప్రకారమే 1937–38లో కాల్చిచంపింది 6.8 లక్షల మందిని.

ఇంట్లోవాళ్ళకి చెప్పేది వేరు: ఉత్తరాలు రాసే హక్కు లేకుండా పదేళ్ళు. ఆ వాక్యానికి అర్థం మనిషి లేడని చాలామందికి ఏళ్ళ తరబడి తెలియలేదు. జైళ్ళ ముందు ఆడవాళ్ళు తెల్లారకముందే క్యూ కట్టి కిటికీలోంచి కొద్దిపాటి డబ్బులు లోపలికి ఇచ్చేవాళ్ళు. తీసుకున్నారంటే మనిషి లోపలున్నట్టు. తీసుకోకపోతే ఇంకో జైలుకి, ఇంకో క్యూకి. ఆ అరెస్టుల్ని నడిపిన రహస్య పోలీసు అధిపతి యెజోవ్‌ని 1940లో వాళ్ళే కాల్చేశారు.

హైదరాబాద్‌వాడొకాయన కూడా అందులో పోయాడంటారు, నిజమేనా?

నిజమే. సరోజినీ నాయుడు తమ్ముడు వీరేంద్రనాథ్ చటోపాధ్యాయ, 1880లో హైదరాబాద్‌లో పుట్టాడు. బెంగాలీ కుటుంబమే గానీ మన ఊరి మనిషి. మొదటి ప్రపంచ యుద్ధంలో బెర్లిన్ నుంచి బ్రిటిష్‌వాళ్ళకి వ్యతిరేకంగా పనిచేసి, చివరికి లెనిన్‌గ్రాడ్‌లో జాతుల శాస్త్ర సంస్థలో ఉద్యోగంలో చేరాడు. 1937 జూలైలో అరెస్టు, సెప్టెంబర్ 2న కాల్చివేత.

గులాగ్ ఏదో ఒక జైలు పేరా?

శిబిరాల ప్రధాన పాలనా విభాగం అన్న పేరుకి పొట్టి రూపం, అంటే ఒక ప్రభుత్వ శాఖ. కొలిమాలో బంగారం తవ్వింది, వొర్కుతాలో బొగ్గు తీసింది, తెల్ల సముద్రం కాలువ తవ్వింది ఆ శిబిరాల ఖైదీలే. పని కోటా పూర్తయితే ఇంత రొట్టె, కాకపోతే కోత. కోత పడినవాడు మర్నాడు ఇంకా తక్కువ చేస్తాడు, ఇంకా కోత. 1930 నుంచి 1953 దాకా సుమారు 1.8 కోట్ల మంది ఆ గేట్లు దాటారు.

దేవుణ్ణి నిజంగానే మానేశారా జనం?

1937 జనాభా లెక్కల్లో మతం కాలమ్ పెట్టారు. ఇరవయ్యేళ్ళుగా మత వ్యతిరేక ప్రచారం చేసి, గుళ్ళు మూసేశాక కూడా, పదహారేళ్ళు దాటినవాళ్ళలో సగానికి పైగా నమ్ముతామని రాయించారు, అది కూడా పోలీసుల భయం అంత ఉన్న ఏడాదిలో. జనాభా కూడా అనుకున్నదానికన్నా తక్కువ తేలింది. ప్రభుత్వం లెక్కల్ని రద్దు చేసి, లెక్కపెట్టినవాళ్ళని అరెస్టు చేసింది. మాస్కోలో 1931లో పేల్చేసిన క్రీస్తు రక్షకుడి చర్చి స్థలంలో 1960లో ఈతకొలను కట్టారు, ఇప్పుడు మళ్ళీ చర్చే ఉంది.

## యుద్ధం

రెండో ప్రపంచ యుద్ధం గురించి వాళ్ళు ఇప్పటికీ అంతలా ఎందుకు చెప్పుకుంటారు?

2.7 కోట్ల మంది పోయారు. ఇంటికో ఫొటో ఉంటుంది. లెనిన్‌గ్రాడ్ ముట్టడి 872 రోజులు సాగింది. 1941 నవంబర్ 20 నుంచి డిసెంబర్ 25 దాకా పిల్లలకీ, ఉద్యోగులకీ రోజుకి 125 గ్రాముల రొట్టె. మనింట్లో బ్రెడ్ ప్యాకెట్లోంచి నాలుగు ముక్కలు తీసి ప్లేట్లో పెట్టి చూడండి, రోజంతటికీ అదే, అందులోనూ పిండి సగమే, మిగతాది గుజ్జూ పొట్టూ. ఆ చలికాలం గడ్డకట్టిన లదోగా సరస్సు మీదుగా లారీలు రాకపోతే ఆ మాత్రం కూడా ఉండేది కాదు.

దీని వెనక వాళ్ళు అంతగా చెప్పుకోని పేజీలూ ఉన్నాయి. 1939లో హిట్లర్‌తో ఒప్పందం చేసుకుని పోలండ్‌ని పంచుకున్నారు, 1940లో దాదాపు 22,000 మంది పోలిష్ అధికారుల్నీ పౌరుల్నీ కాల్చారు, అది తామేనని ఒప్పుకున్నది 1990లో. 1944 ఫిబ్రవరిలో చెచెన్ ప్రజల్ని జాతి మొత్తంగా రైలు పెట్టెల్లో మధ్య ఆసియాకి పంపేశారు.

## స్టాలిన్ పోయాక: రోజువారీ బతుకు

స్టాలిన్ తర్వాత వచ్చిన క్రుశ్చేవ్ చేసిన 'రహస్య ప్రసంగం' నిజంగా రహస్యంగా ఉందా?

పేరుకే. 1956 ఫిబ్రవరి 25న తలుపులు మూసి మాట్లాడాడు, కొద్ది వారాల్లో దేశమంతా పార్టీ మీటింగుల్లో చదివి వినిపించారు. రష్యన్‌లో అచ్చయి బహిరంగంగా జనానికి అందింది మాత్రం 1989లో. స్టాలిన్ పార్టీవాళ్ళని చంపించిన సంగతి చెప్పాడు గానీ రైతుల సంగతి ఎత్తలేదు, తను పెట్టిన సంతకాల సంగతి అసలే ఎత్తలేదు.

కార్మికుల రాజ్యంలో కార్మికుల మీద కాల్పులా?

1962 జూన్, నొవొచెర్కాస్క్. ప్రభుత్వం మాంసం, వెన్న ధరలు పెంచిన రోజుల్లోనే అక్కడి రైలింజన్ల ఫ్యాక్టరీలో కూలి రేట్లు తగ్గాయి. జనం లెనిన్ బొమ్మలు పట్టుకునే ఊరేగింపుగా వచ్చారు. 26 మందిని కాల్చారు, తర్వాత ఏడుగురికి మరణశిక్ష వేశారు. శవాల్ని వేరే ఊళ్ళ శ్మశానాల్లో రహస్యంగా పాతిపెట్టారు. దేశానికి ఈ సంగతి తెలియడానికి పాతికేళ్ళకి పైగా పట్టింది.

అందరికీ ఇళ్ళు ఫ్రీగా ఇచ్చారు కదా?

ఇచ్చారు, క్యూలో నిలబెట్టి. 1950ల దాకా నగరాల్లో చాలామంది బతికింది 'కొమ్మునాల్కా'లో: పాత పెద్దింట్లో గదికో కుటుంబం, అందరికీ కలిపి ఒక వంటిల్లు, ఒక బాత్రూం. వీధి తలుపు దగ్గర కాగితం అంటించి ఉండేది, ఫలానావారికి ఒక గంట, ఫలానావారికి మూడు గంటలు కొట్టండి అని. వంటింట్లో ఎవరి బల్ల వాళ్ళది, కొన్నిచోట్ల ఎవరి బల్బు, ఎవరి స్విచ్చు కూడా వాళ్ళదే. పక్కింటావిడ సూప్ గిన్నెలో ఉప్పు ఎక్కువేసిందన్న తగాదాలు మనకి కొత్తేమీ కాదు గానీ, అక్కడ పక్కింటావిడ పోలీసులకి ఉత్తరం రాస్తే మీ గది ఆవిడకి దక్కే అవకాశం ఉండేది, టెన్షన్ అదీ.

క్రుశ్చేవ్ వచ్చాక ఐదంతస్తుల ప్యానెల్ ఇళ్ళు వేల సంఖ్యలో కట్టించాడు. లిఫ్టు లేదు, వంటిల్లు ఐదారు చదరపు మీటర్లు, గోడవతల దగ్గితే ఇవతల వినబడుతుంది. అయినా సొంత తాళంచెవి! వెక్కిరించేవాళ్ళు వెక్కిరిస్తారు గానీ, నా దృష్టిలో ఆ డెబ్బై ఏళ్ళలో మామూలు మనిషికి ప్రభుత్వం చేసిన పెద్ద మేలు ఇదే. ఆ ఇరుకు వంటింట్లోనే స్నేహితులు కూర్చుని, కొళాయి తిప్పి నీళ్ళ చప్పుడులో, బయట అనకూడని మాటలన్నీ అనుకున్నారు.

షాపులు ఖాళీ అంటారు, ఇళ్ళలో మాత్రం అన్నీ ఉండేవంటారు. ఎలా?

'కొన్నాను' అనే మాట తగ్గి 'సంపాదించాను' అనే మాట వాడకంలోకి రావడంలోనే సంగతంతా ఉంది. కొట్లోకి సరుకొస్తే 'పారేశారు' అనేవాళ్ళు: ఫలానా వీధిలో బూట్లు పారేశారట, పద. అందుకే ప్రతివాళ్ళ జేబులో మడిచిన వల సంచి ఒకటి, పేరు 'అవోస్కా', ఏమో ఏమన్నా దొరుకుతుందేమో అనే అర్థంలో. కొట్లో కూడా మూడుసార్లు నిలబడాలి: సరుకు తూయించి ధర తెలుసుకోవడానికి ఒకసారి, క్యాష్ దగ్గర కట్టడానికి ఒకసారి, రసీదు పట్టుకుని సరుకు తీసుకోవడానికి మళ్ళీ ఒకసారి.

మిగతాదంతా 'బ్లాత్', అంటే తెలిసినవాళ్ళు. మాంసం కొట్టువాడికి థియేటర్ టికెట్లు, థియేటర్ ఆవిడకి పంటి డాక్టరు, డాక్టరుకి మాంసం. పెద్ద నగరాలకి సరఫరా ఎక్కువ కాబట్టి చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు రైలెక్కి మాస్కో వచ్చి కొనుక్కెళ్ళేవాళ్ళు. పొడుగ్గా, పచ్చగా ఉండి సాసేజ్ వాసనొచ్చేదేది అని పొడుపుకథ, జవాబు: మాస్కో నుంచి వెళ్ళే రైలు.

పార్టీ పెద్దలూ క్యూలో నిలబడ్డారా?

లేదు. వాళ్ళకి బయట బోర్డు లేని కొట్లు, వేరే ఆసుపత్రులు, ఊరవతల ప్రభుత్వ బంగళాలు. జీతంలో తేడా మరీ ఎక్కువ ఉండేది కాదు, ఏ తలుపు మీకు తెరుచుకుంటుందన్న దగ్గరే తేడా.

ఓట్లు 99 శాతం పడ్డాయంటే నమ్మాలా?

పడిన మాట నిజమే. కాగితం మీద ఒకే పేరు, దాన్ని మడిచి డబ్బాలో వేసి రావడమే. వద్దనుకుంటే పేరు కొట్టేయడానికి పక్కనున్న గదిలోకి వెళ్ళాలి, వెళ్ళేది అందరూ చూస్తారు. పోలింగ్ బూత్‌లో బఫే పెట్టి మామూలుగా దొరకనివి అమ్మేవాళ్ళు, పొద్దున్నే వెళ్ళేది అందుకే.

మంచేమీ జరగలేదా? చదువు, ఆడవాళ్ళ హక్కులు?

జరిగింది. 1897 లెక్కల్లో అక్షరాస్యత 28 శాతం, 1939కి 9 నుంచి 49 ఏళ్ళ వాళ్ళలో దాదాపు 87 శాతం. డాక్టర్లలో ఆడవాళ్ళే ఎక్కువ. 1920లో గర్భస్రావాన్ని చట్టబద్ధం చేసిన మొదటి దేశం అదే, 1936లో నిషేధించి 1955లో మళ్ళీ అనుమతించారు. ఉద్యోగం చేసొచ్చి క్యూలో నిలబడి ఇంటికొచ్చి వండేది మాత్రం ఆవిడే, ఆ సంగతి ఏ చట్టంలోనూ మారలేదు.

## మనతో ముడిపడ్డవి

తెలంగాణ సాయుధ పోరాటం ఆపమన్నది స్టాలినా?

1951 మొదట్లో కమ్యూనిస్టు పార్టీ నాయకులు చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య, అజయ్ ఘోష్, డాంగే రహస్యంగా మాస్కో వెళ్ళి స్టాలిన్‌ని కలిశారు. చైనా దారి, అంటే పల్లెల నుంచి సాయుధ పోరాటం, మీకు సరిపోదని స్టాలిన్ చెప్పాడు. ఆ అక్టోబర్‌లో పోరాటం విరమించారు. అయితే ఒక్క మాటతో ఆగిందనడం అతి, పార్టీలో అప్పటికే మూడేళ్ళుగా దారి మీద గొడవ నడుస్తోంది, మాస్కో వెళ్ళిందే ఆ గొడవ తేల్చుకోవడానికి.

రష్యన్ పుస్తకాలు తెలుగులో అంత చవగ్గా ఎలా వచ్చేవి?

అచ్చు ఖర్చు సోవియట్ ప్రభుత్వానిది. మాస్కోలో ప్రగతి, తర్వాత రాదుగ ప్రచురణాలయాల్లో తెలుగువాళ్ళు అక్కడే ఉండి అనువాదం చేసేవాళ్ళు, ఇక్కడ విశాలాంధ్ర దుకాణాల్లో అమ్మేవాళ్ళు. విజయవాడలో ఒక పిల్లాడికి రెండు మూడు రూపాయలకి రంగుల బొమ్మల పుస్తకం దొరికే రోజుల్లో, లెనిన్‌గ్రాడ్‌లో ఒకావిడ నిషేధించిన కవిత్వాన్ని కార్బన్ పేపర్లు పెట్టి నాలుగైదు కాపీలు టైపు కొట్టి, రాత్రికి చదివి పొద్దున్నే ఇచ్చెయ్యమని పంచేది. రెండూ అదే దేశం.

## కూలిపోయిన ఏళ్ళు

చివరి నాయకుడు గోర్బచేవ్ లేకపోతే సోవియట్ యూనియన్ నిలిచేదా?

ఇంకొన్నేళ్ళు లాగేదేమో. 1986లో చమురు ధర పడిపోయింది, బయటినుంచి గోధుమలు కొనేది ఆ డబ్బుతోనే. మద్యం మీద ఆంక్షలు పెడితే ఖజానాకొచ్చే ఆదాయం పోయి, సారా కాచుకోవడానికి చక్కెర మాయమైంది. ఆ 1986లోనే చెర్నోబిల్ అణు ప్రమాదం. 1989 జూలైలో సైబీరియా బొగ్గు గని కార్మికులు సమ్మెకి దిగారు, డిమాండ్లలో ఒకటి సబ్బు! గనిలోంచి నల్లగా పైకొస్తే ఒళ్ళు కడుక్కోవడానికి సబ్బు లేదు. గోర్బచేవ్ చేసింది ఇదంతా పేపర్లో రాయనివ్వడం. 1991 ఆగస్టు 19న పాత పద్ధతే కావాలన్న పెద్దలు ఆయన్ని నిర్బంధించి ట్యాంకులు దించారు, టీవీలో పొద్దంతా హంసల బ్యాలే వేశారు, మూడు రోజులకే తేలిపోయింది. డిసెంబర్ 25న ఆయన రాజీనామా.

మరి ఆ రోజులే బాగుండేవని ఇంకా కొందరు ఎందుకంటారు?

వాళ్ళు పోల్చేది 1937తో కాదు, 1992తో. బ్రెజ్నెవ్ రోజుల్లో కొట్లో కొనడానికి ఏమీ లేక జీతం మిగిలి సేవింగ్స్ పుస్తకంలో పోగయ్యేది, కారు కోసం, పిల్ల పెళ్ళికోసం. 1992 జనవరి 2న ధరల మీద అదుపు ఎత్తేశారు, ఆ ఒక్క ఏడాదిలో ధరలు 26 రెట్లయ్యాయి. కొట్లు వారాల్లో నిండిపోయాయి, పుస్తకంలో అంకె మాత్రం అంతే ఉంది. ఆ నెలాఖరున ఎవరైనా ఎక్కడైనా అమ్ముకోవచ్చని ఉత్తర్వు వచ్చింది. మాస్కో మెట్రో స్టేషన్ల బయట మంచులో పెద్దవయసు ఆడవాళ్ళు వరసగా నిలబడి, ఒకావిడ చేతిలో ఊలు మేజోళ్ళు, ఒకావిడ దగ్గర పెళ్ళినాటి టీ కప్పులు, ఇంకొకావిడ రెండు సిగరెట్ ప్యాకెట్లు పట్టుకుని అమ్ముతూ ఉండేవాళ్ళు.